ఎర్రబండకు టాసెట్ వచ్చింది

తిప్పేస్వామి మాస్టారు ఆ రోజు పొద్దున వేసుకున్న పథకం చాలా చిన్నది. బడి గోడ మీద ఒక మాట రాయాలి. ఇంగ్లీషు క్లాసులు చెప్పుకోవాలి. సాయంత్రం కళ్యాణదుర్గం పోయి, భార్య పద్మజ మిక్సీ జారుకు బ్లేడు మార్పించుకుని రావాలి. వీటిలో మొదటి పని ఒక్కటి జరిగింది. దాని పుణ్యమా అని రెండోది సగంలో ఆగింది, మూడోది ఆ నెలంతా జరగలేదు.

ఆయన కుందుర్పి దారిలో ఉన్న ఎర్రబండ ఊళ్లో హైస్కూలు ఇంగ్లీషు టీచరు. ఆ ఊళ్లో వాన అరుదు, బస్సు అరుదు, ఇంగ్లీషు మరీ అరుదు. మాస్టారికి మాత్రం అరుదైన మాటలంటే ప్రాణం. రోజూ కాఫీ తాగుతూ నిఘంటువు తెరుస్తాడు. ఎవరూ వాడని మాటను ఒకదాన్ని పట్టుకుంటాడు. దాన్ని తీసుకెళ్లి బడి కాంపౌండు గోడకు నల్లరంగు పూసిన చోట 'నేటి మాట' అన్న శీర్షిక కింద రాస్తాడు. అర్థం మాత్రం మరునాడు రాస్తాడు. ఈలోగా పిల్లలు దాని గురించి తెగ ఆలోచిస్తారని ఆయన నమ్మకం. ఆలోచించిన దాఖలా ఇంతవరకు ఒక్కటీ లేదు, కాని నమ్మకానికి దాఖలాలతో పనేముంది? ఆయనకు ఒక్క విషయంలో మాత్రం గర్వం ఉంది, అది న్యాయమైన గర్వమే. తన సర్వీసు మొత్తంలో ఆ గోడ మీద ఒక్క తప్పు అర్థం రాయలేదు. అనుమానం వస్తే రాయడం మానేసేవాడు గాని, ఉజ్జాయింపుగా రాసేవాడు కాదు.

ఆ రోజు దొరికిన మాట 'టాసెట్'.

"ఇది చూడు పద్మజా," అన్నాడు కాఫీ చల్లారిపోతున్నా పట్టించుకోకుండా. "లాటిన్ నుంచి సంగీతం లోకి పోయి, ఆడి నుంచి ఇంగ్లీషు లోకి వచ్చిండాది. ఇంగ్లీషోళ్లలోనే చానామందికి తెలీదు."

"వాళ్లకే తెలీనిది మన పిల్లోళ్లకెందుకండీ?"

మాస్టారు ఆ ప్రశ్నను వినకుండా అర్థం చెప్పుకుంటూ పోయాడు. పాశ్చాత్యుల కచేరీలో పెద్ద గుంపుగా కూర్చుని వాయిస్తారు. కచేరీ కొన్ని పెద్ద భాగాలుగా ఉంటుంది. ఒక్కోసారి ఒక భాగం మొత్తంలో బాకా ఊదేవాడికి పనే ఉండదు. అప్పుడు వాడి ముందున్న కాగితం మీద స్వరాల బదులు ఈ ఒక్క మాట ఉంటుంది. మౌనంగా ఉండు అని దాని భావం. అలాగని వాడు లేచి టీకి పోకూడదు. బాకా ఒళ్లో పెట్టుకుని, ఆవలించకుండా, ఆ భాగం అయిపోయేదాకా అందరి మధ్యా కూర్చోవాలి. సంగీతం బయట ఈ మాట వాడుక చాలా తక్కువ అని నిఘంటువులో కింద చిన్నక్షరాలతో వేశారు. మాస్టారికి మాట కంటే ఆ చిన్నక్షరాలే ఎక్కువ నచ్చాయి.

"ఏం చేయకుండా కూర్చునేదానికి గూడ ఒక మాట ఉండాదా?" అంది పద్మజ అంతా విని.

"ఉండాది."

"మీ స్టాఫ్‌రూములో అందరికీ పనికొస్తాది," అని ఆమె మిక్సీ జారును సంచిలో పెట్టి ఆయన చేతికిచ్చింది.

ఇక ఆ గోడ సంగతి చెప్పాలి. ఎర్రబండలో బస్సు ఆగేది ఆ గోడ ముందే. అంతకంటే అందరూ చూసే చోటు ఊళ్లో మరొకటి లేదు. అందుకని గోడ పై సగం తిప్పేస్వామి తీసుకుంటే, కింది సగం గ్రామ సచివాలయం వాళ్లు తీసుకున్నారు. ఏ పథకం వచ్చినా దాని వివరాలు అక్కడే రాస్తారు. రాయడానికి జీతాలున్నాయి గాని తుడవడానికి లేవు. కాబట్టి పోయిన ఏడాది పంటల బీమా ప్రకటనలో చివరి వరుస ఇంకా అలాగే మిగిలిపోయింది. 'అర్హులైన రైతులు ఆధార్, పాసుపుస్తకం జిరాక్సులతో సంప్రదించవలెను.'

మాస్టారు ఎప్పుడూ గొలుసుకట్టు అక్షరాలతో వయ్యారంగా రాసేవాడు. ఆ రోజు మాత్రం అంత దూరం నుంచి వచ్చిన మాటకు కాస్త మర్యాద చేయాలనిపించి, క్యాపిటల్ లెటర్లలో TACET అని, ఒక్కొక్కటీ జానెడేసి పొడవున రాశాడు. చేతికంటిన సుద్ద దులుపుకుని, దూరంగా నిలబడి చూసుకుని, తృప్తిగా లోపలికి పోయాడు.

ఎర్రబండ రైతులకు ఇంగ్లీషు రాదనుకుంటే పొరపాటు. కరువు వాళ్లకు చాలా ఇంగ్లీషు నేర్పింది. ఇన్‌పుట్ సబ్సిడీ, ఇన్సూరెన్స్, ఈ-క్రాప్, ఈకేవైసీ, జాబ్ కార్డు, ఇంకా ఎన్నో. వాళ్ల లెక్కలో ఇంగ్లీషు రెండు రకాలు. చిన్నక్షరాల ఇంగ్లీషు పిల్లోళ్లది, పెద్దక్షరాల ఇంగ్లీషు సర్కారుది. పెద్దక్షరాలు గోడెక్కాయంటే అవి తమ కోసమే వచ్చాయని, ఆలస్యం చేస్తే పక్కూరికి పోతాయని వాళ్లకు అనుభవం మీద తెలుసు.

బస్సు కోసం వచ్చిన శివప్ప ఆ ఐదు అక్షరాలనూ, వాటి కింద మిగిలిపోయిన వరుసనూ కలిపి చదివాడు. ఊళ్లో ఏ పథకమైనా ముందు శివప్పకు తెలిసి, తర్వాతే ప్రభుత్వానికి తెలుస్తుందని పేరు. ఆయన బస్సును వదిలేసి, ఇంటర్వెల్ గంట కొట్టేదాకా కాచుకుని, బడి లోపలికి వచ్చాడు.

"సార్, టాసెట్ ఎప్పటి నుంచి?"

మాస్టారి ముఖం వెలిగిపోయింది. ఇన్నేళ్లలో తన మాట గురించి అడిగిన మొదటి మనిషి. "ఈ పొద్దుటి నుంచే శివప్పా! చూసినావా?"

"చూడకేం సార్. మా బామ్మర్దికి గూడ ఫోన్ చేసి చెప్పినా. లాస్ట్ డేట్ ఎప్పుడు?"

"దీనికి లాస్ట్ డేట్ ఏముంటాదప్పా? ఎవరు యాడైనా వాడుకోవచ్చు."

"ఊరందరికీనా సార్?"

"మాట ఇంకెవరిది? అందరిదీ," అన్నాడు మాస్టారు గొంతు నిండుగా.

శివప్ప కళ్లలో నీళ్లు తిరిగాయి. లాస్ట్ డేట్ లేకుండా అందరికీ వచ్చిన పథకాన్ని ఆయన తన జీవితంలో చూడలేదు. దండం పెట్టి వెళ్లిపోయాడు. ఒక రైతుకు లాటిన్ మాట ఇంతగా హత్తుకుంటుందని మాస్టారు అనుకోలేదు. ఆ ఆనందంలోనే తర్వాతి క్లాసు చెప్పాడు.

మధ్యాహ్నం భోజనాల గంటకు బడి గేటు ముందు ఊరు నిలబడి ఉంది. ఎదురుగా టీ అంగడి, జిరాక్సు మిషను ఒకే కప్పు కింద నడిపే కుళ్లాయప్ప, టీ చేయడం ఆపేసి జిరాక్సులు తీస్తున్నాడు. వరసలో మొదట మారెక్క ఉంది. మొగుడు పోయాక ఉన్న కాస్త మెట్టపొలాన్ని ఒంటిచేత్తో సేద్యం చేసుకునే మనిషి. ఏ వరసలోనైనా పొద్దున్నే వచ్చి నిలబడుతుంది గాని, చివరికి ఆమె పేరే జారిపోతూ ఉంటుంది.

విషయం అర్థమయ్యాక మాస్టారు హాయిగా నవ్వాడు. నవ్వి ఊరుకుని ఉంటే సరిపోయేది. కాని ఆయన టీచరు. ఎదురుగా అంతమంది నిలబడి ఒక మాటకు అర్థం అడుగుతుంటే వదిలి వెళ్లగలిగేవాడు టీచరెట్లా అవుతాడు?

"ఇది స్కీము కాదప్పా. సంగీతంలో మాట. ఒక భాగమంతా వాయించకుండా, వాద్యం ఒళ్లో పెట్టుకుని, లేచిపోకుండా, ఆవలించను గూడ ఆవలించకుండా కూర్చునేదాన్ని టాసెట్ అంటారు."

ఎవరికీ అర్థం కాలేదు. పాఠం అర్థం కానప్పుడు పిల్లల జీవితంలోంచి ఒక ఉదాహరణ ఇవ్వాలని ఆయన ట్రైనింగులో నేర్చుకున్నాడు.

"ఇప్పుడు నువ్వే ఉండావు శివప్పా. భాగమంటే ఒక సీజన్ అనుకో. వాద్యమంటే నువ్వు ఇత్తనం వేసే గొర్రు అనుకో. గొర్రు పక్కన పెట్టుకుని, ఊరిడిసి పోకుండా, ఆ సీజనంతా ఇత్తనం వేయకుండా నెమ్మదిగా కూర్చున్నావనుకో. అదీ టాసెట్. తెలిసిందా?"

అందరికీ తెలిసింది. ఎంత బాగా తెలిసిందంటే గుంపంతా ఒక్కసారి ఊపిరి పీల్చుకుంది. శివప్ప వెనక్కి తిరిగి గట్టిగా చెప్పాడు.

"ఇన్నారు కదప్పా. ఈ సీజన్ ఇత్తనం వేయకుండా, వలస పోకుండా, గొర్రు దగ్గర పెట్టుకుని కూర్చున్నోళ్లకంట టాసెట్."

"నేనట్ల చెప్పలేదు!"

"మీరు చెప్పిందే సార్. నేను వీళ్లకు తెలిసేట్ల చెప్పినా, అంతే."

కంగారులో మాస్టారు గోడ దగ్గరికి పరుగెత్తి ఆ మాట తుడిచేశాడు. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అంటారు. ఆయన కాలు కడుక్కోబోయి మోకాటి లోతున దిగాడు. "కోటా అయిపోయినాదా సార్!" అని గుంపంతా ఒకటే కేక. మారెక్క గోడకు ఆనుకుని కూలబడి కొంగు నోట్లో కుక్కుకుంది.

"పొద్దున్నుంచి నిలబడుకోనుండా ఐవారూ. నా వరస వచ్చేతలికి తుడిపేస్తిరే!"

ఆ ఏడుపు చూడలేక మాస్టారు సుద్దముక్క తీసి, ఆ ఐదు అక్షరాలూ తిరిగి రాశాడు. గుంపు చల్లబడింది. అందరూ గోడకు దండం పెట్టుకుని ఇళ్లకు పోయారు.

మిగిలిన అనుమానమేదైనా ఉంటే కుళ్లాయప్ప ఫోను తీర్చింది. ఆ మాట కొట్టి చూస్తే, నల్లకోట్లు వేసుకున్న దొరలు వరసగా కూర్చున్న బొమ్మ వచ్చింది. చివరన ఒకాయన బంగారు రంగు బాకా ఒళ్లో పెట్టుకుని, రెండు చేతులూ దాని మీద వేసుకుని, ఏమీ చేయకుండా కూర్చుని ఉన్నాడు.

"చూడండప్పా, ఫారిన్‌లో ఎప్పుడో ఇచ్చేసినారు," అన్నాడు కుళ్లాయప్ప ఫోను అందరికీ తిప్పి చూపిస్తూ. "ఆ మనిషి మొగం చూడు, ఎంత నెమ్మదిగా ఉండాడో. ఖాతాలో దుడ్లు పడినోని మొగమే అట్లుంటాది."

దాన్ని కాదనడానికి ఎవరి దగ్గరా ఆధారం లేదు.

మూడోనాడు వ్యవసాయాధికారి ప్రతాప్ బైకు మీద వచ్చాడు. ఉద్యోగంలో చేరి ఇంకా ఏడాది కాలేదు గాని, అధికారి అన్నవాడు 'తెలీదు' అని నోటితో అనకూడదని మాత్రం మొదటి నెలలోనే నేర్చుకున్నాడు. టాసెట్ సంగతేమిటని ఊరు చుట్టుముట్టగానే గంభీరంగా ముఖం పెట్టాడు.

"గైడ్‌లైన్స్ ఇంకా రాలేదు," అన్నాడు.

"రాలేదంటే వస్తాండాయనే కదా సార్," అన్నాడు శివప్ప. ప్రతాప్ మెల్లగా బడి లోపలికి వెళ్లి మాస్టారిని పక్కకు పిలిచాడు.

"సార్, ఈ టాసెట్ ఏ డిపార్ట్‌మెంటుది?"

"ఏ డిపార్ట్‌మెంటుదీ కాదు నాయనా. సంగీతానిది."

ప్రతాప్ ముఖం పాలిపోయింది. "కల్చరల్ వాళ్లదా? మాకొక మాట చెప్పకుండా రైతులకెట్ల ఇస్తారు సార్?" అని, అప్పుడే పై ఆఫీసుకు ఫోన్ చేయడానికి బయటికి పోయాడు. పై ఆఫీసులో కూడా 'తెలీదు' అనకూడదని నేర్చుకున్నవాళ్లే ఉన్నారు. వాళ్లు 'పరిశీలనలో ఉంది' అన్నారు.

ఇంట్లో పద్మజ పరిస్థితి వేరుగా ఉంది. పొద్దున లేచేసరికి గడపలో గోంగూర కట్ట, సాయంత్రానికి పెరుగు ముంత. "సార్‌కు చెప్పి మా పేరు పైన ఏపించమ్మా" అని ఆడవాళ్లు వచ్చి కూర్చుంటున్నారు. లేదు మొర్రో అంటే వినరు. ఇచ్చింది తిరిగి పంపితే, ఇది చాలలేదేమోనని కోడిని పట్టుకొస్తున్నారు. "మీ మాటలు మీరు ఇంట్లోనే పెట్టుకోండి. నాకు మిక్సీ ఒక్కటి బాగుచేపించండి చాలు," అని ఆమె మొగుడితో అంది.

ఇంతవరకు జరిగింది నవ్వుకునే సంగతే. మాస్టారు కూడా నవ్వుకునేవాడే. కాని ఆ తర్వాత వాన వచ్చింది.

ఎర్రబండలో వాన అంటే సామాన్యమైన విషయం కాదు. మబ్బులు ఏటా వచ్చి, ఊరి మీద ఆగి, ఆలోచించి, కర్ణాటకలోకి వెళ్లిపోతాయి. ఆ ఏడాది ఏమనుకున్నాయో ఏమో, ఒక మధ్యాహ్నం మొదలుపెట్టి పొద్దు గుంకేదాకా కురిశాయి. ఎర్రనేల కడుపునిండా తాగింది. పిల్లలు బడి వదిలేసి వానలో గంతులేశారు. మాస్టారు కూడా వాళ్లను అదిలించడం మానేసి, వరండా చూరు కింద చెయ్యి చాపి నిలబడ్డాడు. ఆయనదీ సేద్యం చేసిన కుటుంబమే. పదును అంటే ఏమిటో తెలుసు. ఆ ఎర్రనేలలో తడి నాలుగు రోజులు నిలిస్తే గొప్ప. ఆ నాలుగు రోజుల్లో వేరుశనగ విత్తనం పడిందా, సంవత్సరం గడుస్తుంది. పడలేదా, తట్టాబుట్టా సర్దుకుని బెంగళూరులో ఇటుకలు మోయడానికి పోవాలి.

మరునాడు పొద్దున ఊరి చివరనున్న ఇంటి నుంచి బండి మీద బడికి వస్తూ దారి పొడుగునా చూశాడు. పొలాల్లో ఒక్క మనిషి లేడు, ఒక్క ఎద్దు లేదు. ఊళ్లోకి వస్తే ప్రతి ఇంటి ముందూ గొర్రు బయట పెట్టి ఉంది. దాని పక్కన ఇంటి యజమాని చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చుని ఉన్నాడు. ఎవరూ మాట్లాడుకోవడం లేదు. కుళ్లాయప్ప ఫోనులోని దొరల కంటే పద్ధతిగా కూర్చున్నారు.

మాస్టారు మారెక్క ఇంటి ముందు బండి ఆపాడు.

"మారెక్కా, ఇంత పదునుండాది కదమ్మా. ఇత్తనం వేయకుండా ఏం చేస్తాండావు?"

"టాసెట్‌లో ఉండా ఐవారూ," అంది మారెక్క పెదాలు కదపకుండా. "ఆవలింత వచ్చినా బిగబట్టుకుంటాండా."

మాస్టారికి దుఃఖం ముంచుకొచ్చింది. ఇంట్లో విత్తనం మూట విప్పకుండా ఉంది. బయట నేల పిలుస్తోంది. మధ్యలో ఈ మనిషి, తన మాట ఒక్కటి నమ్మి, కదలకుండా కూర్చుంది. జీవితంలో మొదటిసారి ఒక స్కీములో తన పేరు జారిపోకూడదని ఆమె పట్టుదల. ఆ స్కీమేమో లేనేలేదు. పదును పోతే దాని పాపమంతా తన సుద్దముక్కదే.

"అది అబద్ధం మారెక్కా. స్కీము లేదు. నా మాట ఇని పొలానికి పో."

మారెక్క ఆయన వైపు జాలిగా చూసింది. "మిమ్మల్నట్ల చెప్పమనింటారులే. నౌకరీ కదా, మీరేం చేస్తారు పాపం."

బడి మానేసి ఇల్లిల్లూ తిరిగాడు. స్కీము లేదంటే అందరూ నవ్వారు. లేని స్కీము గురించి ఇంతగా ఎవరూ తిరిగి చెప్పరని వాళ్ల వాదన, అందులో న్యాయం లేకపోలేదు. ప్రతాప్‌ను పిలిపించాడు. ప్రతాప్ మైకు పట్టుకుని, "విత్తనాలు వేయండి, అదును దాటిపోతోంది" అని వీధివీధినా అరిచాడు. దాంతో ఉన్న ఒక్కరిద్దరు అనుమానపురుగులకు కూడా నమ్మకం కుదిరింది.

"చూసినారా? గైడ్‌లైన్స్ వచ్చేసినాయి," అన్నాడు శివప్ప కూర్చున్న చోటు నుంచే. "మనచేత ఇత్తనం వేయించి, పేర్లు కొట్టేసేదానికి చూస్తాండారు. ఎవరూ లేచేది లేదు."

రెండో రోజు కూడా అలాగే మొదలైంది. ఎండ చురుక్కుమంటోంది. మాస్టారు మధ్యాహ్నం ఇంటికి వచ్చి, అన్నం ముందు కూర్చుని, ముద్ద కలపకుండానే మొదలుపెట్టాడు.

"నిజం చెప్తాంటే ఎవరూ నమ్మరు పద్మజా. ఇంకో రెండు దినాలు పోతే నేల ఆరిపోతాది. ఊరంతా వలస పోతాది. నేను చేసిన పని."

పద్మజ పప్పు వడ్డించి, గరిటె గిన్నెలో పెట్టి చెప్పింది. "నోటితో చెప్తే ఎవరు నమ్ముతారండీ? మాట గోడ మీద రాస్తిరి. అర్థం రేపు గోడ మీదే రాస్తానంటిరి. ఆ రేపు ఎన్నిసార్లు వచ్చి పోయినాది? ఇంకా రాయలేదు కదా."

"రాస్తే ఏమొస్తాది? సంగీతంలో మౌనం అని రాస్తే మళ్లీ కథ మొదటికొస్తాది."

"సంగీతమని ఎవరు రాయమన్నారు మిమ్మల్ని?"

ఆయన భార్య వైపు తలెత్తి చూశాడు. ఆమె ఏమీ తెలియనట్టు మజ్జిగ కలుపుకుంటోంది.

గోడ దాకా నడవడానికి ఆ రోజు ఆయనకు చాలాసేపు పట్టింది. ఎండలో ఎవరూ లేరు. సుద్దముక్క పట్టుకుని ఆ ఐదు అక్షరాల ముందు నిలబడ్డాడు. ఇన్నేళ్ల సర్వీసు, అరగదీసిన మూడు నిఘంటువులు, ఒక్క తప్పు పడని గోడ. కళ్లు మూసుకుంటే మారెక్క బిగబట్టుకున్న ఆవలింత కనిపించింది. కళ్లు తెరిచి, మాట పక్కనే రాశాడు. 'విత్తనం వేసినవారికి మాత్రమే.' రాసి, వెనక్కి చూడకుండా ఇంటికి పోయి, కడుపులో బాగాలేదని పడుకున్నాడు.

మొదట చదివింది కుళ్లాయప్ప. చదివి జిరాక్సు మిషను ఆపేసి వీధిలోకి పరుగెత్తాడు. "రూల్ మారిపోయినాదప్పా! ఇత్తనం వేసినోళ్లకేనంట!"

శివప్ప స్వయంగా వచ్చి గోడ చదివాడు. ఆయన ముఖంలో కోపం రావాలి, కాని గొప్ప నెమ్మది వచ్చింది. "పొద్దునొక మాట, మాపునొక మాట. రూల్ మార్చినారంటే ఇది నిఖార్సైన సర్కారు స్కీమే. నాకిన్నాళ్లు లోపలెక్కడో ఒక అనుమానముండె. ఇప్పుడు తీరిపోయినాది. కట్టండప్పా ఎద్దుల్ని!"

ఒక గంటలో ఊరు ఖాళీ అయింది. ఎద్దులున్నవాళ్లు ఎద్దులు, ట్రాక్టరున్నవాళ్లు ట్రాక్టరు. ముందు వేసినవాళ్లకే ముందొస్తుందని ఎవరో అనడంతో, ఎప్పుడూ లేనట్టు ఒకరి పొలంలో ఇంకొకరు సాయం పట్టి, ఎవరూ వెనకపడకుండా విత్తారు. మారెక్క పొలంలో శివప్పే తన గొర్రు తోలాడు. పదును ఆరేలోగా ఎర్రబండలో విత్తనం పడని సెంటు భూమి లేదు.

ఆ తర్వాత వాన గొప్పగా వచ్చిందని చెబితే అబద్ధమవుతుంది. వచ్చింది, ఆగింది, మళ్లీ ఏదో మొక్కుబడిగా వచ్చింది. కాని మొదటి పదునుకు వేసినవాళ్లకు కాయ నిలిచింది. చుట్టుపక్కల ఊళ్లలో ఇంకో వాన కోసం ఆగి నింపాదిగా వేసినవాళ్లకు అంతగా నిలవలేదు. లెక్కలు పైకి వెళ్లాయి. ఒక్క ఎర్రబండలోనే ఇలా ఎందుకు జరిగిందని పై ఆఫీసు ప్రతాప్‌ను అడిగింది. ప్రతాప్ ఎంత ఆలోచించినా వేరే కారణం దొరకలేదు. "టాసెట్ సార్," అన్నాడు.

కాయ పీకే రోజుల్లో బడి ఆవరణలో షామియానా లేచింది. 'టాసెట్ విజయోత్సవ రైతు సదస్సు' అని బ్యానరు కట్టారు. జిల్లా నుంచి ఒక పెద్దాఫీసరు వచ్చాడు. టాసెట్ అంటే 'టోటల్ ఏరియా కవరేజ్ ఇన్ ఎర్లీ టైమ్' అని ఆయన విడమరిచి చెప్పాడు. మధ్యలో ఒక 'ఇన్' ఎక్కువైందని గమనించిన మనిషి వేదిక మీద ఒక్కడే, తిప్పేస్వామి మాస్టారు. ఆయన మెడలో శాలువా, చేతిలో జ్ఞాపిక, పక్కన ప్రతాప్.

నిజానికి తిప్పేస్వామి ఆ రోజు ఒక నిర్ణయం చేసుకుని వచ్చాడు. తప్పు అర్థం రాసిన చెయ్యి నాలుగు నెలలుగా ఆయన్ని నిద్రపోనివ్వలేదు. ఇప్పుడు పంట చేతికొచ్చింది, ఇక భయం లేదు. మైకు చేతికిస్తే నిజం చెప్పేస్తాడు. లాటిన్ నుంచి మొదలుపెట్టి అంతా చెప్పేస్తాడు. ఆ తర్వాత ఊరు రాళ్లేసినా సరే.

అంతకుముందు ఆయన వేదిక ఎక్కబోతుంటే మారెక్క అడ్డం వచ్చింది. చేతిలో అప్పుడే పీకిన వేరుశనగ చెట్టు, వేళ్ల నిండా మట్టి, మట్టి నిండా కాయలు.

"ఐవారూ, టాసెట్ నాకు వచ్చినాది," అంది చెట్టు పైకెత్తి చూపిస్తూ. "ఇదే కదా అది? ఈసారి నా పేరు యాడికీ పోలేదు."

వెనక నుంచి శివప్ప తల దూర్చాడు. "రెండో విడత ఎప్పుడు సార్?"

"ఇప్పుడు మన తిప్పేస్వామి మాస్టారు, టాసెట్ అంటే అసలు అర్థమేమిటో రెండు మాటల్లో చెబుతారు," అని, శాలువా కప్పడం అయ్యాక వేదిక మీద పెద్దాఫీసరు మైకు అందించాడు.

మాస్టారు లేచాడు. అసలు అర్థం నాలుక చివరిదాకా వచ్చింది. ఎదురుగా మొదటి వరసలో మారెక్క, ఆ చెట్టును ఒళ్లో పెట్టుకుని, రెండు చేతులూ దాని మీద వేసుకుని, కదలకుండా కూర్చుని ఉంది. ఆమె ముఖం నెమ్మదిగా ఉంది. మాస్టారు ఆమెనే చూశాడు. మైకును బల్ల మీద పెట్టేసి, జ్ఞాపిక ఒళ్లో పెట్టుకుని, తన కుర్చీలో కూర్చున్నాడు.

చప్పట్లు మోగాయి. సార్‌కు ఆనందంతో మాట రాలేదని పెద్దాఫీసరు అన్నాడు. ఆడవాళ్ల వరసలో కూర్చున్న పద్మజ ఒక్కతే చప్పట్లు కొట్టలేదు. ఆ మాటకు అర్థం ఆమెకు అప్పుడు తెలిసింది.

ఆ తర్వాత ఇంకో ఏడుగురు మాట్లాడారు. సభ ముగిసేదాకా తిప్పేస్వామి మాస్టారు ఆవలించను కూడా ఆవలించలేదు.